ఏడుపు మీద అక్షరాలు వేయకండి: ఫ్రెంచ్ లఘుచిత్రానికి తెలుగు సబ్‌టైటిళ్లు రాయడం

నేను మొదటిసారి సబ్‌టైటిళ్లు రాసిన ఫ్రెంచ్ లఘుచిత్రం నిడివి 17 నిమిషాలు. తల్లి చనిపోయాక ఇద్దరు అక్కచెల్లెళ్లు ఫ్రాన్స్‌లోని బ్రిటనీ తీరంలో ఉన్న ఆమె ఇంటిని ఖాళీ చేయడానికి వస్తారు. కథ అంతే. పదకొండో నిమిషంలో చిన్నామె వంటింటి అల్మరా తెరుస్తుంది. లోపల వరుసగా జాడీలు, ఒక్కోదాని మీద తల్లి చేతిరాతతో చీటీ. ఆమె ఒకే ఒక మాట అంటుంది. తర్వాత 40 సెకన్లు ఎవరూ ఏమీ మాట్లాడరు.

ఆ ఒక్క మాటకు నేను రెండు వరుసల తెలుగు వాక్యం రాశాను. అర్థం చక్కగా ఉంది, వ్యాకరణం సరిగ్గా ఉంది. మూడు నెలల తర్వాత ఆ సినిమాను నలుగురితో కలిసి చీకటి గదిలో చూస్తూ, తెరను కాకుండా పక్కవాళ్ల ముఖాలను చూశాను. అల్మరా తెరుచుకున్నప్పుడు అందరి కళ్లూ తెర అడుగున నా వాక్యం మీద ఉన్నాయి. వాళ్లు చదివి తల ఎత్తేసరికి ఆ నటి ముఖంలో జరగవలసింది జరిగిపోయింది. సినిమా మొత్తం ఏ క్షణం కోసం తీశారో ఆ క్షణాన్ని నా అక్షరాలు తినేశాయి.

అప్పటినుంచి నేర్చుకున్నది ఇక్కడ రాస్తున్నాను. మీకు ఫ్రెంచ్ మధ్యస్థంగా వచ్చినా ఫరవాలేదు, తెలుగు మాత్రం లోతుగా రావాలి. ఈ పనిలో చాలామంది దీన్ని తలకిందులుగా అనుకుంటారు.

సినిమా ఎంచుకోవడం, అనుమతి అడగడం

ఫ్రాన్స్‌లో గంటకు మించని సినిమాను లఘుచిత్రమనే లెక్కిస్తారు. నేర్చుకునేవాళ్లు 10 నుంచి 20 నిమిషాల మధ్య ఉన్నదాన్ని తీసుకోవడం మంచిది. క్లెర్మాఁ ఫెరాఁ పట్టణంలో ఏటా జనవరి చివర మొదలయ్యే లఘుచిత్రోత్సవం ఈ రంగంలో ప్రపంచంలోనే పెద్దది. అక్కడి కార్యక్రమ పట్టికలు చదివితే ఎలాంటి సినిమాలు వస్తున్నాయో తెలుస్తుంది. కొత్తగా సినిమా తీసినవాళ్లకు మర్యాదగా ఒక ఉత్తరం రాస్తే, నా అనుభవంలో, చాలామంది సంతోషంగా ఒప్పుకున్నారు. అనుమతి రాతపూర్వకంగా తీసుకోండి. దాంతోపాటు సంభాషణల ప్రతి కూడా అడగండి. ఉత్సవాలకు పంపేవాళ్ల దగ్గర అది సాధారణంగా ఉంటుంది. చెవితో విని రాసుకోవడం కంటే అది వందరెట్లు నమ్మకం.

ఒక జాగ్రత్త. వాళ్లు పంపిన ఫైలులో వరుసలు రంగురంగులుగా ఉంటే అది వినికిడి లేనివారి కోసం చేసినది. ఫ్రాన్స్‌లో ఈ పద్ధతికి స్థిరమైన రంగులున్నాయి: శబ్దాలకు ఎరుపు, సంగీతానికి ముదురు గులాబీ. ‘తలుపు చప్పుడు’, ‘ఏడుపు’ లాంటి ఎర్ర వరుసలను మామూలు సబ్‌టైటిళ్లలోకి తెలుగు చేసి పెట్టకండి. వినబడుతున్న ఏడుపుకు పేరు పెట్టనక్కర లేదు.

ముందు చూడటం

కంప్యూటర్‌లో ఒక్క అక్షరం కొట్టకముందు సినిమాను కనీసం మూడుసార్లు చూస్తాను. మొదటిసారి ఏ అక్షరాలూ లేకుండా, అర్థం కాని చోట ఆపకుండా. రెండోసారి సంభాషణల ప్రతి చేతిలో పెట్టుకుని. మూడోసారి శబ్దం పూర్తిగా తీసేసి.

అసలు పని జరిగేది మూడోసారి. శబ్దం లేనప్పుడు ఎవరి ముఖం ఎప్పుడు మారుతోందో, ఎవరు ఎవరి వైపు చూడకుండా తప్పించుకుంటున్నారో కనబడుతుంది. అలాంటి ప్రతి క్షణం దగ్గరా సమయం రాసుకుంటాను. ఆ 17 నిమిషాల సినిమాకు ఈ పని ముందే చేసి ఉంటే నా కాగితం మీద తొమ్మిదో పదో సమయాలు ఉండేవి. వాటి చుట్టూ రెండేసి సెకన్లు నా అక్షరాలకు ప్రవేశం లేదని అప్పుడే తేలిపోయేది. మాటల్ని ఆ నిషిద్ధ ప్రాంతాల మధ్య సర్దుకోవాలి.

మాట లేకుండా కథ నడవదని అనుమానం ఉంటే ఆల్బేర్ లామొరీస్ 1956లో తీసిన ‘ల బలూఁ రూజ్’ చూడండి. పారిస్‌లోని మెనిల్‌మోంతాఁ వీధుల్లో ఒక పిల్లవాడు, అతని వెంటపడే ఎర్ర బుడగ. సంభాషణలు దాదాపు లేవు. అయినా దానికి ఆస్కార్ వచ్చింది మౌలిక కథారచనకు.

సాధన కోసం ఒక సినిమా

నేను అందరికీ చెప్పే సాధన క్రిస్ మార్కర్ 1962లో తీసిన ‘లా జెతే’ మీద. 28 నిమిషాలు. దాదాపు మొత్తం నిశ్చల ఛాయాచిత్రాలు, వాటి మీద జాఁ నెగ్రోనీ గొంతుతో వ్యాఖ్యానం. మూడో ప్రపంచయుద్ధం తర్వాత పారిస్ నేలమాళిగల్లో బతుకుతున్న ఒక మనిషి, చిన్నప్పుడు ఓర్లీ విమానాశ్రయంలో చూసిన ఒక స్త్రీ ముఖాన్ని మరచిపోలేక కాలంలో వెనక్కి వెళ్తాడు. దీనికి తెలుగు రాసి మీ దగ్గరే ఉంచుకోండి. హక్కులు మనవి కావు కాబట్టి ఎవరికీ ఇవ్వకండి. నా ప్రతి కూడా ఎవరికీ ఇవ్వలేదు.

ఈ సినిమా మీకు నాలుగు పాఠాలు చెబుతుంది. మొదటిది పేరు దగ్గరే. ఆ మాటకు నీళ్లలోకి కట్టిన గట్టు అని అర్థం. ఇక్కడ ఓర్లీలో జనం విమానాలు చూడటానికి నిలబడే పొడవాటి మేడను అలా అన్నారు. ఆ మాట పుట్టింది ‘విసరడం’ అనే క్రియ నుంచి. ఏ తెలుగు మాట పెట్టినా ఒకటి నిలిచి మరొకటి పోతుంది. నేను రెండు రాత్రులు ఆలోచించి పేరును అలాగే ఉంచేశాను. ఓడిపోయి కాదు, అదే సరైనదని నమ్మి.

రెండోది భాష స్థాయి. ఆ వ్యాఖ్యానంలో పుస్తకాల్లో మాత్రమే కనబడే భూతకాల రూపం వస్తుంది. ఇంట్లో మాట్లాడేటప్పుడు ఫ్రెంచివాళ్లు దాన్ని వాడరు. కాబట్టి తెలుగులో ‘వాడు’ పనికిరాదు, ‘అతడు’ కావాలి. వాక్యం నిదానంగా, నిటారుగా నడవాలి. మూడోది గుసగుసలు. ప్రయోగాలు చేసేవాళ్లు అతని చెవి దగ్గర జర్మన్‌లో గొణుగుతుంటారు. ఫ్రెంచ్ ప్రేక్షకులకే దాని అర్థం ఎవరూ చెప్పలేదు. మనకు జర్మన్ వచ్చినా చెప్పకూడదు. అర్థం కాకపోవడమే ఆ భయం.

నాలుగోదాని కోసమే ఈ సినిమాను ఎంచుకున్నాను. అన్నీ కదలని చిత్రాలే అన్నానా, ఒక్కచోట మాత్రం చిత్రం కదులుతుంది. ఆ స్త్రీ నిద్రపోతూ ఉంటుంది. ఛాయాచిత్రాలు ఒకదానిలోకి ఒకటి కరుగుతుంటాయి, పక్షుల అరుపులు పెరుగుతూ పోతాయి, ఆమె కళ్లు తెరిచి మన వైపు చూస్తుంది. కొన్ని సెకన్లే. వ్యాఖ్యానం లేదు. దానికి ముందున్న చివరి సబ్‌టైటిల్‌ను కొందరు తీరిగ్గా చదువుకోనిద్దామని ఒకటి రెండు సెకన్లు అదనంగా నిలిపి ఉంచుతారు. అలా ఉంచిన ఫైలుతో ఒకసారి, తీసేసిన ఫైలుతో ఒకసారి చూడండి. తేడా మీ ఒంటికే తెలుస్తుంది.

ఫ్రెంచ్ మాట, తెలుగు గుండె

ఇక మాటల సంగతి. అన్నిటికంటే ముందు ‘త్యు’, ‘వూ’. ఇవి మన ‘నువ్వు’, ‘మీరు’. ఇంత చక్కగా సరిపోయే జంట మనకు ఉండటం అదృష్టం. కానీ చిక్కు కూడా అక్కడే ఉంది. ఫ్రెంచ్ భార్యాభర్తలు ఒకరినొకరు ‘త్యు’ అనే అనుకుంటారు. తెలుగు రాసేటప్పుడు చెయ్యి తనంత తానే భార్య నోట ‘మీరు’ అని, చివర ‘అండీ’ అని పెట్టేస్తుంది. అలా పెడితే వాళ్లిద్దరి సంబంధాన్నే మార్చేసినట్టు. ఇద్దరికీ ‘నువ్వు’ ఉంచండి. అప్పుడే, విడిపోయిన తర్వాత తలుపు దగ్గర ఒకరు మరొకరిని ‘వూ’ అన్నప్పుడు తెలుగులో ఆ ‘మీరు’ చెంపదెబ్బలా తగులుతుంది.

బంధుత్వాలు మరో గండం. ఫ్రెంచ్‌లో అక్కకూ చెల్లెలికీ ఒకటే మాట. మనకు ఆ సౌకర్యం లేదు. పిలిచే మొదటి పిలుపులోనే తేల్చాలి. నా మొదటి సినిమాలో ఎవరు పెద్దో ఎక్కడా చెప్పలేదు. దర్శకురాలికి ఉత్తరం రాస్తే, తాను ఎప్పుడూ నిర్ణయించలేదనీ, నటీమణులు తమలో తాము ఏదో అనుకున్నారనీ జవాబిచ్చింది. మర్నాడు వాళ్లను అడిగి చెప్పింది. అంతకంటే ప్రమాదకరమైనవి ‘బో పేర్’, ‘బెల్ మేర్’. మొదటిది మామగారికీ, తల్లి రెండో భర్తకూ ఒకటే మాట. రెండోది అత్తగారికీ సవతితల్లికీ ఒకటే. ఒక పిల్ల గదిలో తలుపు వేసుకుని ‘బో పేర్’ ఇంట్లో ఉన్నాడని చెప్పే సన్నివేశంలో ఇది తప్పితే సినిమా మొత్తం తప్పినట్టే. అనుమానం ఉంటే అడగండి. ఊహించి రాయకండి.

ప్రేమ మాటల్లో ఒక చిన్న ఉచ్చు ఉంది. ‘జ తెమ్’ అంటే ప్రేమిస్తున్నాను. దానికి ‘బాగా’ అనే అర్థమున్న ‘బియాఁ’ చేర్చి ‘జ తెమ్ బియాఁ’ అంటే ప్రేమ పెరగదు, తగ్గిపోతుంది. ‘నువ్వంటే ఇష్టమే’ అన్నట్టు. ఆ చివరి దీర్ఘంలోనే తిరస్కారం ఉంది. దీన్ని ‘నిన్ను ఎంతో ప్రేమిస్తున్నాను’ అని రాసిన ఒక ఫైలు చూశాను. మరుక్షణం తెర మీద అబ్బాయి ఎందుకు కుంగిపోయాడో చూసేవాళ్లకు అర్థం కాలేదు.

‘నేనంటే నీకు ఇష్టం లేదు కదా’ లాంటి వ్యతిరేక ప్రశ్నను ఖండించడానికి ఫ్రెంచ్‌లో ‘సి’ అనే ఒక్క అక్షరం ఉంది. దానికి ‘అవును’ రాస్తే అర్థం తిరగబడుతుంది. తెలుగులో క్రియను తిరిగి అంటే చాలు: ‘లేదు కదా?’ ‘ఉంది.’ ఇది అసలుతో సమానంగా పొట్టిగా, సమానంగా గట్టిగా ఉంటుంది.

వీడ్కోళ్ల దగ్గర మన భాష నాకు గర్వంగా అనిపిస్తుంది. ‘ఓ ర్వార్’లో మళ్లీ చూడటం ఉంది, ‘అద్యో’లో లేదు. మనకూ ‘వెళ్ళొస్తాను’ ఉంది, ‘వెళ్తాను’ ఉంది. రావడం అన్న ముక్క తీసేస్తే చాలు, తెలుగువాళ్ల గుండె ఆగుతుంది. ‘ఇక సెలవు’, ‘శాశ్వతంగా వీడ్కోలు’ లాంటి బరువు మాటలేవీ అక్కర లేదు. అలాగే ‘తల్లి వెళ్ళిపోయింది’ అన్న ఫ్రెంచ్ వాక్యం. ఇల్లు విడిచి వెళ్లిందో, చనిపోయిందో ఆ వాక్యం చెప్పదు. కొందరు దర్శకులు ఆ సందేహం మీదే పదినిమిషాల సినిమా నడుపుతారు. ‘అమ్మ వెళ్ళిపోయింది’ అనండి. ‘కన్నుమూసింది’ అంటే కథ చివర తెలియవలసింది మొదట్లోనే చెప్పేసినట్టు.

వాక్యంలో మాటల వరుస గురించి కొంచెం ఎక్కువ చెప్పాలి. ఫ్రెంచ్‌లో ‘నేను చూశాను, చనిపోతుండగా, మా నాన్నను’ అన్న వరుస వస్తుంది. ‘మా నాన్నను’ అనేటప్పుడు కెమెరా గోడ మీది ఫోటోకు తిరిగిందనుకోండి. మనం అలవాటుగా ‘మా నాన్న చనిపోతుంటే చూశాను’ అని రాస్తే ఫోటో రాకముందే నాన్న వచ్చేశాడు. తెలుగులో క్రియ చివర రావాలన్నది నిజమే, కానీ మాట్లాడేటప్పుడు గొంతు తడబడిన మనిషి దాన్ని దాటుతాడు: ‘చనిపోతుంటే చూశాను... మా నాన్నను.’ ఇది కృతకం కాదు, మనం రోజూ అనేదే. ఈ స్వేచ్ఛను నిజంగా అవసరమైనచోట మాత్రం, సినిమాకు రెండు మూడుసార్లు వాడుకోండి.

నిట్టూర్పుల్లాంటి ‘బోఁ’, ‘బాఁ’, ‘ఆఁఫాఁ’ వాక్యం మధ్యలో వస్తే వదిలేయండి. ‘బోఁ’ ఒంటరిగా వస్తే ‘సరే’. దుఃఖంలో మెల్లగా వచ్చే తిట్టుకు ‘ఛ’ చాలు. మన తిట్లు తల్లుల దాకా వెళ్తాయి, ఇలాంటి తిట్టు అంత దూరం వెళ్లదు.

ఇంకొక్క మాట. భావం ఎంత తీవ్రంగా ఉంటే తెలుగు అంత మామూలుగా ఉండాలి. గ్జావ్యే లెగ్రాఁ తీసిన ‘ఆవాఁ క ద తూ పెర్ద్ర్’ 2014లో ఉత్తమ లఘుచిత్రంగా ఫ్రాన్స్ సినీ పురస్కారం సెజార్ అందుకుంది. భర్త నుంచి పారిపోవడానికి ఒక స్త్రీ ఇద్దరు పిల్లలతో తాను పనిచేసే సూపర్‌మార్కెట్‌కు వస్తుంది. అరగంట పాటు ఊపిరి బిగబట్టి చూస్తాం. అందులో మనల్ని భయపెట్టేవి పెద్దపెద్ద మాటలు కావు, పని చోట మనుషులు ఆదరాబాదరాగా మాట్లాడుకునే మామూలు మాటలే. అలాంటి చోట ‘హృదయం ద్రవించింది’ తరహా తెలుగు తెచ్చిపెడితే ఆ స్త్రీ మీద నమ్మకం పోతుంది.

అక్షరాలు, సెకన్లు

సబ్‌టైటిళ్లు రాసే సాఫ్ట్‌వేర్లు సబ్‌టైటిల్ ఎడిట్, ఏజిసబ్ రెండూ ఉచితంగా దొరుకుతాయి. ఏది వాడినా తెలుగుకు అవి చూపే లెక్కను నమ్మకండి. సెకనుకు ఎన్ని అక్షరాలు వస్తున్నాయో చూపే అంకె రోమన్ లిపి కోసం పెట్టినది. ‘స్త్రీ’ మన కంటికి ఒక అక్షరం, కంప్యూటర్‌కు ఆరు సంకేతాలు. అందుకే మంచి పొట్టి వాక్యాన్ని కూడా అది ఎర్రగా చూపి భయపెడుతుంది. నేను చేత్తో లెక్కపెట్టుకుంటాను: సెకనుకు ఆరేడు తెలుగు అక్షరాలు, వరుసకు 20కి లోపు. వీలైనంతవరకు ఒకే వరుస. మన లిపికి పైన గుడులు, కింద ఒత్తులు ఉంటాయి కాబట్టి రెండు వరుసలు పెడితే తెరలో చాలా భాగం మూసుకుపోతుంది. ఆ భాగంలో తరచుగా నటుల చేతులుంటాయి. చేతులు చాలా చెబుతాయి.

మాట మొదలైనప్పుడే అక్షరాలు రావాలి, అర సెకను ముందు కూడా కాదు. ముందు వస్తే నటుడు చెప్పబోయేది అతని కంటే ముందు మనం చెప్పినట్టవుతుంది. మాట అయిపోయాక, చదవడానికి సరిపడా సమయం ఇచ్చాక తీసేయాలి. షాట్ మారే చోటును దాటించి అక్షరాలు నిలపకండి. ఎంత చిన్న మాటైనా సెకను కంటే తక్కువ ఉంచితే మెరుపులా కనబడి విసిగిస్తుంది.

ఫ్రేముల వేగం కూడా చూసుకోండి. సినిమాలు సెకనుకు 24 ఫ్రేములతో తీస్తారు, యూరప్ టెలివిజన్‌లో 25తో నడిపిస్తారు. 28 నిమిషాల సినిమా అక్కడ 26 నిమిషాల 53 సెకన్లకే అయిపోతుంది. ఒకదానికి చేసిన ఫైలు మరొకదానికి పెడితే చివరికి 67 సెకన్లు తేడా వస్తుంది. ఏ ప్రతి మీద పని చేస్తున్నారో దర్శకుడిని ముందే అడగండి. ఫైలును యూటీఎఫ్-8 అనే అక్షర సంకేత పద్ధతిలో దాచండి, లేకపోతే తెలుగంతా ప్రశ్నార్థకాలుగా మారుతుంది.

చూపించి సరిచూసుకోవడం

ఫ్రెంచ్ రాని ఒకరిని కూర్చోబెట్టి చూపించండి. మీరు తెరను చూడకండి, వాళ్ల కళ్లను చూడండి. మీ కాగితం మీద గుర్తుపెట్టుకున్న సమయాల్లో కళ్లు కింద ఉన్నాయా, పైన ఉన్నాయా? కింద ఉంటే ఆ వాక్యం ఎంత బాగున్నా కోసేయాలి. తర్వాత ‘అర్థమైందా’ అని అడగకండి, మొహమాటానికి అవుననే అంటారు. ‘ఆ పెద్దామె ఎందుకు బయటికి వెళ్లింది?’ లాంటి ప్రశ్న వేయండి. జవాబు తడబడితే తప్పు వాళ్లది కాదు.

ఆ బ్రిటనీ సినిమాను నేను దర్శకురాలి అనుమతితో మళ్లీ మొదటినుంచి రాశాను. మొదట 142 సబ్‌టైటిళ్లు, ఇప్పుడు 97. అల్మరా దగ్గర చిన్నామె అన్న మాట ‘వ్వాలా’. చూడమనే క్రియ, అక్కడ అనే మాట కలిసి ఏర్పడినది. మొదటిసారి దానికి ‘చూశావా, ఇవన్నీ ఇలాగే వదిలేసి వెళ్ళిపోయింది’ అని రాశాను. ఇప్పుడు అక్కడ ‘ఇదిగో’ అని ఉంటుంది. సెకనున్నర తర్వాత అది పోతుంది. ఆ తర్వాతి 40 సెకన్లూ తెర అడుగున ఏమీ లేదు.